పళ్ళెం ఆంటీ, తలుపు ఆంటీ

పసడేనా, కాలిఫోర్నియా
సెప్టెంబర్ 18, 1983

లూసీ వదినకు మరదలు పిల్ల నవోమి వందనాలు.

అన్నయ్య చిక్కిపోయాడనీ, నువ్వు మాత్రం చక్కగా ఒళ్ళు చేశావనీ మొన్న పంపిన ఫోటో చూస్తే తెలిసింది. కాబట్టి క్షేమ సమాచారాలు అయిపోయాయి. ఇక అసలు పని.

నేను నర్సుగా చేస్తున్న ఈ ఆశ్రమంలో ఉన్న ముసలివాళ్ళంతా ఒకప్పటి సినిమావాళ్ళని నీకు తెలుసు కదా. రోజూ బ్రేక్‌ఫాస్ట్ దగ్గర లిండా అని ఒకావిడ అభిమానుల ఉత్తరాలు పంచుతుంది. పంచి ఊరుకోదు, హాలంతా వినేలా పైకి చదువుతుంది. హీరోయిన్లకు సరే, సినిమాల్లో గుర్రాలను తోలిన ముసలాయనకు కూడా మొన్న జపాన్ నుంచి ఉత్తరం వచ్చింది. మా ఎడిత్ ఆంటీకి ఇంతవరకు ఒక్కటి రాలేదు. ఆవిడకు ఎనభై దాటాయి. రోజూ పొద్దున్నే తల దువ్వుకుని, లిప్‌స్టిక్ వేసుకుని, లిండా బల్లకు దగ్గరగా ఉన్న కుర్చీలో కూర్చుంటుంది. ఉత్తరాలు అయిపోగానే, "నాకేం ఉత్తరాల పిచ్చి లేదమ్మా, ఇక్కడ ఎండ బాగా పడుతుందని కూర్చుంటా" అంటుంది. ఆ మూలకు ఎండే రాదు వదినా!

ఈవిడ పుట్టింది ఇంగ్లండులో ఏదో నూలుమిల్లుల ఊళ్ళో. నాటకాల కంపెనీతో ఓడెక్కి ఇక్కడికి వచ్చింది. హాలీవుడ్‌లో ఇంగ్లీషు బంగళా ఉన్న సినిమా ఎవరు తీసినా పనిమనిషి వేషానికి ఈవిడనే పిలిచేవాళ్ళట. మొదటి రోజు డైలాగ్ చెబితే డైరెక్టర్, "ఇది ఇంగ్లీషు వాళ్ళ ఇంగ్లీషులా లేదు" అన్నాడట. అసలైన ఇంగ్లీషు మనిషి, ఇంగ్లీషువాళ్ళలా మాట్లాడడం అమెరికాలోనే ఆర్కన్సా రాష్ట్రంలో బెంటన్‌విల్ అనే పల్లెటూరి నుంచి వచ్చిన టీచరమ్మ దగ్గర నేర్చుకుందట. ఇరవై ఏళ్ళు తలుపులు తీసింది, కోట్లు అందుకుంది, "మేడమ్ ఇంట్లో లేరండీ" అంది. ఒక్క సినిమాలో కూడా కుర్చీలో కూర్చోలేదు. ఒకే ఒక్కసారి తెర మీద పేరు పడింది, అదీ తప్పుగా పడింది. తర్వాత బంగళాల కథలు పోయి కౌబాయ్ సినిమాలు వచ్చాయి. "గుర్రాలకు పనిమనుషులతో పనేముంది?" అని ఆవిడే నవ్వుతుంది.

చచ్చిపోయేలోగా ఆవిడకు ఒక్క ఉత్తరం రావాలి వదినా. నా చేతిరాత ఇక్కడ అందరికీ తెలుసు. నువ్వు రాయాలి. ఎవరో తెలియని అభిమానిలా, ఇంగ్లీషులో.

రాయనంటావా, ఆ క్రిస్మస్ ప్రార్థనకూటం రోజు నీ వంటింట్లో చికెన్ పులావ్ పళ్ళానికి ఏమైందో అన్నయ్యకు ఫోన్ చేసి చెబుతాను. మేం పైపైన తీసి వడ్డించిన సంగతీ, పాస్టర్ గారు రెండోసారి అడిగి వేయించుకున్న సంగతీ కూడా చెబుతాను.

నీ ముద్దుల మరదలు,
నవోమి

ప్లెయిన్స్‌బరో, న్యూజెర్సీ
అక్టోబర్ 2, 1983

రాక్షసి మరదలికి,

పులావ్ మాట ఉత్తరంలో రాస్తావా? పోస్టు మీ అన్నయ్యే తెస్తారని తెలియదా? కవరు చించబోతుంటే, "ఆడవాళ్ళ విషయాలండీ" అని లాక్కున్నాను. ఆయన చెవులు ఎర్రగా అయ్యాయి, మళ్ళీ అడగలేదు. నువ్వు మా ఇంట్లో ఉన్న ఏడాదిలో తిన్న అన్నానికి ఇదా విశ్వాసం?

నేను అబద్ధం రాయను. సంఘంలో సాక్ష్యం చెప్పినదాన్ని. సినిమా చూడకుండా "చూశాను, బాగుంది" అని ఎలా రాస్తాను? చూద్దామంటే మీ అన్నయ్య సంఘపెద్ద. సినిమా పేరెత్తితే ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకుంటారు. ఆ తుడిచే తీరు చూస్తేనే నేను వంటింట్లోకి వెళ్ళిపోతాను.

అయితే శనివారం మధ్యాహ్నం ఆయన చర్చి పాటల క్వాయర్ ప్రాక్టీస్‌కు వెళతారు. సరిగ్గా అప్పుడే టీవీలో పాత సినిమాలు వేస్తారు. ఈ సంగతి నాకెలా తెలుసని అడక్కు.

ఒక అనుమానం. నువ్వు ఫోన్‌లో ఆవిడను క్యారెక్టర్ యాక్ట్రెస్ అన్నావు. క్యారెక్టర్ మంచిదేనా? అది కూడా కనుక్కుని రాయి. ఆవిడను గుర్తుపట్టడమెలాగో కూడా రాయి.

నీ వదిన,
లూసీ

పసడేనా
అక్టోబర్ 10, 1983

వదినా,

క్యారెక్టర్ యాక్ట్రెస్ అంటే చిన్న చిన్న వేషాలు వేసే మనిషని అర్థం. మన సంఘంలోని జ్ఞానమ్మ ఆంటీ కన్నా పద్ధతైన మనిషి, సరేనా?

గుర్తులు: పొడుగు, సన్నం, కోలముఖం, నల్ల గౌను, తెల్ల టోపీ, తెల్ల ఏప్రన్. పెద్ద బంగళా ఉంటుంది. అందులో ఎవరో ఒకరికి ఆస్తి గొడవ ఉంటుంది. చూడగానే తెలిసిపోతుంది.

త్వరగా రాయి. మొన్న గుర్రాల ముసలాయనకు జపాన్ నుంచి రెండో ఉత్తరం వచ్చింది. ఎడిత్ ఆంటీ చప్పట్లు కొట్టి, గదికి వెళ్ళి తలుపేసుకుంది.

నవోమి

ప్లెయిన్స్‌బరో
నవంబర్ 6, 1983

నవోమీ,

చూశాను, రాశాను, పోస్టు చేశాను కూడా!

నిన్న మీ అన్నయ్య కారు పార్కింగ్ లాట్ దాటగానే టీవీ పెట్టాను. ఆయన ప్రసంగాల కోసమని వీసీఆర్ ఒకటి కొన్నారు. అది ఈమధ్య టీవీకి అడ్డం పడి కూర్చుంది. బొమ్మ రాకపోతే ఏవేవో బటన్లు నొక్కాను. ఎర్ర దీపం వెలిగింది, బొమ్మ వచ్చింది, ఇంక దాన్ని ముట్టుకోలేదు. అప్పటికి పేర్లు పడడం అయిపోయింది. కానీ బంగళా ఉంది, ఆస్తి గొడవ ఉంది, పొడుగ్గా సన్నగా తెల్ల టోపీ పెట్టుకుని మీ ఆంటీ ఉంది.

ఏం నటన నవోమీ! విందు జరుగుతుంటే ఆవిడ టీ కప్పుల పళ్ళెం పట్టుకుని వస్తుంది. ఒక్కసారిగా పళ్ళెం కిందపడి కప్పులన్నీ భళ్ళున పగిలిపోతాయి. ఆ ముఖం చూసి భోరున ఏడ్చాను. ఎందుకంత ఏడుపు వచ్చిందో నాకే అర్థం కాలేదు. పొయ్యి మీద పప్పు మాడిపోయింది.

వెంటనే కూర్చుని రెండు పేజీలు రాశాను. ఒక్కచోట మాత్రం చిక్కొచ్చింది. అంత పెద్దావిడను పేరు పెట్టి రాయడానికి చెయ్యి రాలేదు. మిస్ అనాలా, మిసెస్ అనాలా? అందుకని "డియర్ ఆంటీ గారూ" అని మొదలుపెట్టాను. కవరు మీద "పనిమనిషి వేషాలు వేసిన ఇంగ్లీషు ఆంటీ గారికి" అని రాసి మీ ఆశ్రమం అడ్రస్ వేశాను. నీకు మల్లే మర్యాద తెలియని పెంపకం కాదు నాది.

ఇక ఆ పులావ్ మాట మళ్ళీ ఎత్తకు.

లూసీ

పసడేనా
నవంబర్ 20, 1983

వదినా! కొంప ముంచావు!

ఇక్కడ ఇంకొక ఇంగ్లీషు ఆంటీ ఉంది. పేరు మాడ్. ఈవిడ కూడా పనిమనిషి వేషాలే వేసేది. ఈవిడ కూడా పొడుగే, సన్నమే. నీకు చెప్పలేదు, తప్పు నాదే. తెల్లవాళ్ళంతా నీకు ఒకేలా ఉంటారని నాకు తట్టొద్దూ?

లిండా కవరు మీద రాసింది చదవగానే ఇద్దరూ తలెత్తారు. ఎడిత్ ఆంటీ చెయ్యి మెడలో ముత్యాల దగ్గరికి వెళ్ళింది. నేను వెనక నిలబడి లోలోపల మురిసిపోతున్నాను. లిండా చదవడం మొదలుపెట్టింది. "డియర్ ఆంటీ గారూ, మీ చేతిలోంచి టీ పళ్ళెం జారినప్పుడు నా గుండె ఆగిపోయింది..." మాడ్ ఆంటీ లేచి నిలబడింది. "అది నేను! ఆ పళ్ళెం నాది!" అని అరిచింది. హాలంతా చప్పట్లు. ఆవిడ ఏడుస్తోంది, నవ్వుతోంది, గుర్రాల ముసలాయనను పట్టుకుని ముద్దు పెట్టుకుంది. ఆవిడకూ అదే మొదటి ఉత్తరం. ఆ సంతోషం చూస్తే కోపం కూడా రాలేదు నాకు.

ఎడిత్ ఆంటీ ముత్యాల మీది చెయ్యి దించి, ప్లేట్‌లో టోస్ట్ ముక్కలు ముక్కలు చేసి, తినకుండా లేచి వెళ్ళిపోయింది. ఆ రోజు నుంచి హాల్లోకి రావడం లేదు. లిప్‌స్టిక్ లేదు, తల దువ్వుకోవడం లేదు. జన్మంతా పళ్ళేలు మోసిన మనిషికి ఇప్పుడు నేను పళ్ళెం మోసుకెళుతున్నాను. సగం తిని వెనక్కి పంపిస్తుంది. డాక్టరు కూడా బరువు తగ్గిందని గొణుగుతున్నాడు. నాకు భయంగా ఉంది వదినా.

వీళ్ళిద్దరికీ ఎప్పటినుంచో మాటల్లేవు. ఎందుకని అడిగాను.

"ఒక తలుపు గురించి" అంది ఎడిత్ ఆంటీ.

"తలుపు గురించి నలభై ఏళ్ళు మాట్లాడుకోరా?"

"ఆవిడ అడిగితే చెప్పేదాన్ని. అడగలేదు. అడగనిదానికి నేనెందుకు చెప్పాలి?" అని గోడవైపు తిరిగింది.

నువ్వు చేసిన ముడి నువ్వే విప్పు. ఈసారి పేరు రాయి. ఎడిత్ థార్న్‌బీ. నోరు తిరక్కపోయినా చెయ్యి తిరుగుతుంది కదా!

నవోమి

ప్లెయిన్స్‌బరో
డిసెంబర్ 11, 1983

నవోమీ తల్లీ,

నీ ఉత్తరం చదివి రెండు రోజులు అన్నం సహించలేదు. నువ్వు నమ్మవు, నా ఫోటో చూశావు కాబట్టి. మాడ్ అట, పేరుకు తగ్గట్టే నా పప్పును మాడ్చింది!

తర్వాత రెండు శనివారాలు టీవీ ముందే కూర్చున్నాను. అన్నీ కౌబాయ్‌లే. ఇక దొరకదనుకున్నాను. ఇంతలో జరిగిందేమిటో విను. చదువుతూ నీళ్ళు తాగకు, పొలమారుతుంది.

నిన్న మా ఇంట్లో ప్రార్థనకూటం. పాస్టర్ గారు వచ్చారు, జ్ఞానమ్మ ఆంటీ వచ్చింది, ఇల్లంతా జనం. మీ అన్నయ్య గర్వంగా వీసీఆర్ దగ్గరికి వెళ్ళి, "ఒక గొప్ప దైవజనుడి ప్రసంగం రికార్డ్ చేశాను, అందరూ శ్రద్ధగా చూడండి" అన్నారు. ప్రసంగం మొదలైంది. ఆ దైవజనుడు వేలెత్తి, "ఇప్పుడు మీ ఎదుటకు రాబోయేది ఎవరో తెలుసా?" అన్నాడు.

టీ పళ్ళెంతో పనిమనిషి వచ్చింది.

ఆ ఎర్ర దీపం రికార్డింగ్‌దని నాకు అప్పుడు తెలిసింది నవోమీ. భూమి చీలితే బాగుండునని ప్రార్థించాను. మీ అన్నయ్య బటన్ కోసం వెతుకుతుంటే జ్ఞానమ్మ ఆంటీ గట్టిగా, "ఆపకు బాబూ! ఆ పిల్ల పళ్ళెం పడేసేలా ఉంది, చూద్దాం" అంది. పాస్టర్ గారు గొంతు సవరించుకుని కుర్చీ ముందుకు జరుపుకున్నారు. ఇక ఎవరాపుతారు? అందరం చూశాం. పళ్ళెం పడింది. జ్ఞానమ్మ ఆంటీ "అయ్యో నా తల్లీ, ఇక పనిలోంచి తీసేస్తారు" అంది.

నేను సిగ్గుతో ముందువైపు చూడలేక బొమ్మ మూలకు చూస్తున్నాను. అప్పుడు కనిపించింది. వెనకాల తలుపు దగ్గర ఇంకొక పనిమనిషి ఉంది. పొడుగు, సన్నం, కోలముఖం. పళ్ళెం పడగానే ఈవిడ పగిలిన కప్పుల వైపు చూడలేదు. లోపల విందు గదిలో కూర్చున్న దొరలవైపు ఒక్కసారి చూసి, చప్పుడు కాకుండా ఆ తలుపు మూసేసింది. తలుపుకు వీపు ఆనించి నిలబడింది. అంతా కలిపి రెప్పపాటు.

మొదటిసారి అంత ఏడుపు ఎందుకొచ్చిందో నాకు అప్పుడు అర్థమైంది. పళ్ళెం పడినందుకు కాదు. తలుపు మూసినందుకు.

నేను ఈ దేశం వచ్చిన కొత్త. ఆ క్రిస్మస్ రోజు హాల్లో ముప్పై మంది ఆకలితో కూర్చున్నారు, నా చేతిలోంచి పులావ్ నేల మీద పడింది. నేను కొయ్యబారిపోతే నువ్వు నావైపు చూడనైనా చూడకుండా ముందు వెళ్ళి వంటింటి తలుపు మూశావు. వీపు ఆనించి నిలబడి నవ్వావు. "వదినా, గరిట ఇలా ఇవ్వు" అన్నావు. ఆ రోజు నువ్వు లేకపోతే నేను ఎవరికీ ముఖం చూపించేదాన్ని కాదు. ఇన్నేళ్ళు నిన్ను తిట్టానే గానీ ఈ మాట ఒక్కసారి కూడా చెప్పలేదు. ఇప్పుడు చెబుతున్నాను. నువ్వంటే నాకు ప్రాణం, రాక్షసీ.

ఇదంతా ఇంగ్లీషులో రాసి ఇందాకే పోస్టు డబ్బాలో వేశాను. పులావ్‌తో సహా! పళ్ళెం ఆంటీ బాధనూ, తలుపు ఆంటీ మంచితనాన్నీ ఇద్దరికీ కలిపి రాశాను. ఒక్కరికే రాస్తే ఇంకొకరు ఏడుస్తారు కదా. పేర్లు రాయమన్నావు కాబట్టి కవరు మీద "మిస్ ఎడిత్ థార్న్‌బీ ఆంటీ గారికి, మిస్ మాడ్ ఆంటీ గారికి" అని పెద్దక్షరాలతో రాశాను. దేవుడు క్షమించుగాక.

మీ అన్నయ్య రాత్రి కళ్ళజోడు నాలుగుసార్లు తుడిచారు.

లూసీ

పసడేనా
జనవరి 3, 1984

వదినా,

నీ ఉత్తరం చదివి ఇక్కడి బాత్రూంలో కూర్చుని ఏడ్చాను. నవ్వాను కూడా. పాస్టర్ గారు కుర్చీ జరుపుకున్నారా నిజంగా?

ఇక ఇక్కడి సంగతి. కవరు మీద ఆవిడ పేరుందని లిండాతో చెప్పించి, ఎడిత్ ఆంటీని బతిమాలి, చక్రాల కుర్చీలో హాల్లోకి తెచ్చాను. "ఇంకొక పళ్ళెం కథ అయితే నేను వెళ్ళిపోతాను" అని ముందే హెచ్చరించింది. లిండా చదివింది. పళ్ళెం దగ్గరికి వచ్చేసరికి మాడ్ ఆంటీ నిటారుగా కూర్చుంది. తర్వాత తలుపు వచ్చింది.

"లోపల ఉన్నవాళ్ళు ఆ అమ్మాయి అవమానాన్ని చూడకూడదని ఆ ఆంటీ గారు తలుపు మూశారు. మా మరదలు కూడా నా కోసం అలాగే మూసింది" అని లిండా చదివింది.

మాడ్ ఆంటీ ముఖంలో రంగు పోయింది. కర్ర పట్టుకుని లేచి వచ్చి ఎడిత్ ఆంటీ ముందు నిలబడింది.

అసలు సంగతి అప్పుడు బయటపడింది వదినా. ఆ పళ్ళెం పడడం కథలో లేదట! షూటింగ్‌లో నిజంగానే చెయ్యి జారిందట. ఆ రోజుల్లో ఒక్క కప్పు పగిలినా వేషంలోంచి పంపించేసేవాళ్ళట. ఎడిత్ ఆంటీ అప్పటికప్పుడు తలుపు మూసేసరికి డైరెక్టర్ అది సీన్‌లో బాగా అతికిందని ఉంచేశాడట. మాడ్ ఆంటీ మాత్రం ఇన్నేళ్ళూ ఇంకోలా అనుకుంది. తన మీద పడుతున్న వెలుతురు ఆపాలనే, ఓర్వలేకనే మూసిందని.

"ఎడిత్, నువ్వు నా కోసం మూశావా?"

"మరేం చెయ్యమంటావు? టీ అంతా నేల మీదుంది."

"చెప్పొచ్చు కదా!"

"అడగొచ్చు కదా!"

మాడ్ ఆంటీ ఆవిడ భుజం మీద తల పెట్టి గుక్కపట్టి ఏడ్చింది. ఎడిత్ ఆంటీ ఆవిడ వీపు నిమురుతూ, "సరే సరే, నా పౌడర్ పాడవుతోంది" అంది. లిప్‌స్టిక్ వేసుకోకపోయినా పౌడర్ అద్దుకుని వచ్చిందన్నమాట, దొంగముసలి! ఆ పూట రెండు టోస్ట్‌లు తింది, నా అరటిపండు కూడా లాక్కుంది.

ఇప్పుడు కొత్త తగువు. ఉత్తరం ఎవరి గదిలో ఉండాలని. వారానికి ఒకరు చొప్పున పెట్టుకునేలా లిండా ఒప్పించింది. మాడ్ ఆంటీ తన వారం అయ్యాక కూడా ఇవ్వలేదు. ఎడిత్ ఆంటీ నన్ను పిలిచి చెవిలో, "మీ వదినతో చెప్పు, ఈసారి నాకు విడిగా రాయమని. తలుపు గురించే, కొంచెం పొడుగ్గా" అంది. నువ్వు నా వదినవని ఎలా తెలిసిందంటే, "రోజంతా ఆంటీ గారూ అని పిలిచేది ఈ ఊళ్ళో నువ్వొక్కదానివే, మొదటి కవరు చూడగానే తెలుసు, తలుపు మూసిన ఆ మరదలివీ నువ్వే కదా" అంది. అంతా తెలిసే ముత్యాల మీద చెయ్యి వేసుకుని కూర్చుంది చూడు!

ఆ పులావ్ సంగతి అన్నయ్యకు చెప్పను. ఇక ఎప్పటికీ చెప్పను. ఒట్టు.

నవోమి

ప్లెయిన్స్‌బరో
జనవరి 15, 1984

నవోమీ,

ఆంటీలిద్దరికీ విడివిడిగా రాసి పోస్టు చేశాను. మీ ఎడిత్ ఆంటీకి రెండు పేజీలు ఎక్కువే రాశాను. మాడ్ ఆంటీకి చెప్పకు.

ఇక్కడ ఇంకో వింత. జ్ఞానమ్మ ఆంటీ ఫోన్ చేసి, "ఆ పిల్లను పనిలోంచి తీసేశారా లేదా? టేప్ అక్కడితో అయిపోయింది" అని రోజూ అడుగుతోంది. మీ అన్నయ్య శనివారం క్వాయర్‌కు వెళుతూ వీసీఆర్‌లో కొత్త టేప్ పెట్టి, ఏ బటన్ నొక్కాలో కాగితం మీద రాసి వెళ్ళారు.

పులావ్ రహస్యం మనిద్దరి మధ్యే ఉండిపోయినందుకు ప్రభువుకు స్తోత్రం.

నీ వదిన,
లూసీ

తా.క. నవోమీ, కవరు అంటించమని మీ వదిన ఇస్తే ఈ నాలుగు ముక్కలు రాస్తున్నాను. ఆ క్రిస్మస్ రోజు నా ప్లేట్‌లో చికెన్ ముక్క కింద చీపురు పుల్ల వచ్చింది. తీసి జేబులో వేసుకున్నాను. మీ వదినకు చెప్పకు.
అన్నయ్య, దేవకుమార్